నాటకం మీద నీలం పెన్సిల్: బ్రిటిష్ రంగస్థలం వెనుక 231 ఏళ్ల కథ

1968 సెప్టెంబరు 27న లండన్‌లోని షాఫ్ట్స్‌బరీ థియేటర్‌లో 'హెయిర్' అనే అమెరికన్ మ్యూజికల్ మొదలైంది. వియత్నాం యుద్ధానికి పోనంటున్న హిప్పీ కుర్రాళ్ల కథ అది. మొదటి అంకం చివర కొందరు నటీనటులు కొద్ది క్షణాలపాటు ఒంటిమీద బట్టల్లేకుండా నిలబడతారు. ఆ నాటకం పేరెత్తితే ఇప్పటికీ జనం చెప్పుకునేది ఆ కొద్ది క్షణాల గురించే. నాకు మాత్రం తేదీయే ఆసక్తిగా అనిపిస్తుంది. సరిగ్గా ముందు రోజు, సెప్టెంబరు 26న, బ్రిటన్‌లో కొత్త థియేటర్ల చట్టం అమల్లోకి వచ్చింది. అది వచ్చేదాకా ఈ నాటకం ఆడే వీల్లేదు. నిర్మాతలు దానికోసమే కాచుకుని కూర్చున్నారు.

అప్పటివరకు ఏ కొత్త నాటకమైనా జనం ముందుకు రావాలంటే, రాతప్రతి ముందుగా లండన్ సెయింట్ జేమ్స్ ప్యాలెస్‌లోని లార్డ్ చాంబర్లేన్ ఆఫీసుకు వెళ్లాలి. ఈ లార్డ్ చాంబర్లేన్ మంత్రీ కాదు, జడ్జీ కాదు. రాజమందిరంలో పెళ్లిళ్లు, విందులు, అంత్యక్రియలు సవ్యంగా జరిగేలా చూసే పెద్ద ఉద్యోగి. ఆయన కింద నాటకాలు చదివే ఎగ్జామినర్లు ఉండేవారు. నచ్చని మాట కింద నీలం పెన్సిల్‌తో గీత పడేది. మొత్తంగా నచ్చకపోతే నాటకమే ఆగిపోయేది. ఎందుకని అడిగే హక్కు లేదు, కోర్టుకు పోయే దారీ లేదు. పైగా చదివినందుకు ఫీజు మనమే కట్టాలి, పెద్ద నాటకానికి రెండు గినీలు.

పత్రికా స్వేచ్ఛకు పుట్టిల్లు మాదేనని చెప్పుకునే దేశం ఇది. పుస్తకాలకు ముందస్తు అనుమతి అనే పద్ధతిని 1695లోనే వదిలేసింది. నాటకాన్ని మాత్రం 1968 దాకా వదల్లేదు. ఎందుకంటే పుస్తకాన్ని ఒక్కడు కూర్చుని చదువుకుంటాడు. నాటకాన్ని వెయ్యిమంది ఒకేచోట వింటారు, ఒకేసారి నవ్వుతారు. పక్కవాడు కూడా తనలాగే నవ్వుతున్నాడని చూసుకుంటారు. చదువురానివాడికి కూడా అర్థమవుతుంది. ఏలేవాళ్లకు టెన్షన్ పుట్టించింది అదే.

నాటకాలోళ్లు, దేశదిమ్మరులు

'నాటకాలోడు' అనే మాట మన దగ్గర మెచ్చుకోలు కాదు. పదహారో శతాబ్దపు ఇంగ్లండ్‌లో అయితే అది నేరం కిందే లెక్క. 1572 చట్టం ప్రకారం, ఏ జమీందారు అండా లేకుండా ఊళ్లు తిరుగుతూ నాటకాలాడే వాళ్లు దేశదిమ్మరులతో సమానం. పట్టుకుని కొరడాతో కొట్టొచ్చు. అందుకే ప్రతి నాటక బృందం ఎవరో ఒక ప్రభువు పేరు తగిలించుకునేది. షేక్‌స్పియర్ పనిచేసిన బృందం కూడా మొదట లార్డ్ చాంబర్లేన్ మనుషులుగా, 1603 నుంచి రాజుగారి మనుషులుగా చలామణీ అయింది.

1576లో జేమ్స్ బర్బేజ్ అనే ఆయన లండన్ గోడల అవతల షోర్‌డిచ్‌లో నాటకాల కోసమే ఒక కట్టడం లేపాడు. దాని పేరు 'ది థియేటర్'. అవతల ఎందుకంటే, నగర పెద్దలకు నాటకాలంటే గిట్టేది కాదు. జనం గుమిగూడితే ప్లేగు వ్యాపిస్తుంది, పనివాళ్లు పని ఎగ్గొట్టి వచ్చేస్తారు, జేబులు కొట్టేస్తారు అని వాళ్ల గోల. ప్లేగు సంగతిలో వాళ్ల మాటలో నిజం లేకపోలేదు. స్థలం లీజు గొడవ ముదిరితే 1598 డిసెంబరులో బృందం వాళ్లు ఆ కట్టడాన్ని విప్పేశారు. ఆ దూలాలతోనే 1599లో థేమ్స్ నదికి దక్షిణాన గ్లోబ్ థియేటర్ కట్టుకున్నారు. అక్కడ ఒక పెన్నీ ఇస్తే మధ్య ఖాళీలో నిలబడి చూడొచ్చు. మన భాషలో నేల టికెట్టు. కాస్త ఎక్కువ ఇచ్చినవాళ్లు పైన కూర్చునేవారు. దొరబాబు, చెప్పులు కుట్టేవాడు ఒకే నాటకాన్ని ఒకే మధ్యాహ్నం చూసిన చోటు ఆ కాలంలో ఇంకొకటి దొరకడం కష్టం.

నాటకం ఎంత సీరియస్ వ్యవహారమో 1601 ఫిబ్రవరిలో తేలింది. ఎలిజబెత్ రాణి మీద తిరుగుబాటుకు సిద్ధమవుతున్న ఎసెక్స్ ప్రభువు మనుషులు గ్లోబ్‌కు వచ్చి, రెండో రిచర్డ్ రాజు నాటకం వేయమని అడిగారు. రాజును గద్దె దింపే కథ అది. 'అది పాతబడిపోయింది, జనం రారు' అని నటులు నసిగారు. నలభై షిల్లింగులు అదనంగా ఇస్తామన్నారు, ఆడేశారు. మర్నాడు తిరుగుబాటు జరిగింది, అదే రోజు చల్లారిపోయింది. బృందంలో అగస్టీన్ ఫిలిప్స్ అనే నటుణ్ని పిలిచి విచారించారు. శిక్ష మాత్రం వేయలేదు. ఫిబ్రవరి 24న అదే బృందం రాణి ఎదుట నాటకం ఆడింది. మరుసటి రోజు ఎసెక్స్ తల తెగింది. రాజు కిరీటం వదులుకునే ఆ ఘట్టం మాత్రం ఎలిజబెత్ బతికుండగా అచ్చయిన ప్రతుల్లో ఎక్కడా లేదు.

రాజుకూ పార్లమెంటుకూ యుద్ధం మొదలయ్యాక 1642లో పార్లమెంటు థియేటర్లన్నీ మూయించింది. 1660లో రెండో చార్లెస్ తిరిగొచ్చేదాకా, అంటే పద్దెనిమిదేళ్లు, అధికారికంగా నాటకమే లేదు. వచ్చిన రాజు ఇద్దరికి మాత్రమే, థామస్ కిల్లిగ్రూ, విలియం డేవెనంట్‌లకు, నాటకాలాడే పట్టాలిచ్చాడు. అదే ఏడాది డిసెంబరులో లండన్ వేదిక మీద 'ఒథెల్లో'లో డెస్డిమోనాగా ఒక ఆడమనిషి కనిపించింది. అంతకుముందు ఆడవేషాలన్నీ మగపిల్లలవే. మన స్థానం నరసింహారావు గారి కాలానికి దాదాపు రెండున్నర శతాబ్దాల ముందే అక్కడ ఆ సంప్రదాయం ముగిసిపోయింది. కొన్నేళ్లకే ఆఫ్రా బెన్ అనే ఆవిడ నాటకాలు రాసి ఆ సంపాదనతో బతికి చూపించింది.

ప్రధానికి కోపం వచ్చింది

అసలు కథ 1728లో మొదలవుతుంది. జాన్ గే రాసిన 'బెగ్గర్స్ ఒపెరా' ఆ ఏడాది విపరీతంగా ఆడింది, ఒక్క సీజన్లోనే 62 సార్లు. అందులో పాత్రలన్నీ దొంగలు, దొంగసొమ్ము కొనేవాళ్లు, లంచాల జైలరు. చూసేవాళ్లకు మాత్రం అప్పటి ప్రధాని రాబర్ట్ వాల్పోలే కనిపించాడు. దానికి కొనసాగింపుగా గే రాసిన 'పాలీ'ని ఆడనివ్వలేదు. పుస్తకంగా అచ్చేస్తే మాత్రం ఎవరూ అడ్డుకోలేదు, అది బాగా అమ్ముడుపోయింది. చదివేవాళ్లంటే బెంగలేదు, చూసేవాళ్లంటేనే భయం.

తర్వాత హెన్రీ ఫీల్డింగ్ వచ్చాడు. హేమార్కెట్‌లోని చిన్న థియేటర్‌లో 1737లో ఆడిన ఆయన వ్యంగ్య నాటకంలో, పిడేలు వాయించే ఒక పాత్ర దేశభక్తులమని చెప్పుకునే కొందరి చేతుల్లో డబ్బు పోసి వాళ్ల చేత డాన్సు చేయిస్తుంది. వాళ్ల జేబులకు చిల్లులున్నాయి. ఎగురుతుంటే నాణేలన్నీ రాలిపోతాయి, పిడేలువాడు వాటిని ఏరుకుని మళ్లీ తన జేబులోనే వేసుకుంటాడు. పిడేలువాడు ఎవరో చెప్పక్కర్లేదు.

వాల్పోల్ మాటకు మాట అప్పజెప్పలేదు, చట్టం చేశాడు. రాజవంశాన్ని బూతులతో ఎగతాళి చేసే 'గోల్డెన్ రంప్' అనే నాటకం ప్రతిని పట్టుకొచ్చి సభలో చదివి వినిపించాడు. అది ఎవరు రాశారో ఇప్పటికీ తేలలేదు. బిల్లు గట్టెక్కించడానికి ఆయనే రాయించాడని అనుమానపడినవాళ్లూ ఉన్నారు. ప్రభువుల సభలో చెస్టర్‌ఫీల్డ్ గట్టిగా వ్యతిరేకించినా ఫలితం లేకపోయింది. 1737 జూన్‌లో లైసెన్సింగ్ చట్టం వచ్చేసింది. ఇకమీద ప్రతి నాటకం ముందుగా లార్డ్ చాంబర్లేన్ చదవాలి. లండన్‌లో మాటల నాటకం ఆడే హక్కు డ్రూరీ లేన్, కోవెంట్ గార్డెన్ అనే రెండు థియేటర్లకే.

ఫీల్డింగ్ బతుకుతెరువు ఒక్క దెబ్బతో పోయింది. ఆయన లా చదివాడు, నవలలు రాశాడు. ఇంగ్లిష్ నవల ఎదిగిన తీరులో ఈ చట్టానికి కొంత వాటా ఉందని నా అభిప్రాయం. తిట్టడానికి వేదిక లేకపోబట్టే ఆయన 'టామ్ జోన్స్' దాకా వెళ్లాడు. ఆనక మెజిస్ట్రేటై లండన్‌లో మొదటి పోలీసు దళం లాంటిదాన్ని నడిపింది కూడా ఆయనే.

మాటలాడే హక్కు రెండు థియేటర్లకే ఉంటే మిగిలినవాళ్లు ఏం చేయాలి? పాటలు పెట్టారు, మూకాభినయం పెట్టారు, గుర్రాలనూ కుక్కలనూ వేదిక ఎక్కించారు. మాటల మధ్య సంగీతం దూరిస్తే అది నాటకం కాదని వాదించొచ్చు. అలా పెరిగిందే మెలోడ్రామా. షేక్‌స్పియర్‌ను సైతం పాటలతో కలిపి 'ఇది సంగీత కార్యక్రమం' అని బోర్డు పెట్టి ఆడేశారు. అంతటి తిప్పలు. ఇక 'కింగ్ లియర్' సంగతి మరీ చిత్రం. మూడో జార్జి రాజుకు మతి చలించిందని, ఆయన పోయేదాకా దాదాపు పదేళ్లు పిచ్చిరాజు కథను ఎవరూ వేదిక మీద వేయలేదు.

గొంతెత్తడం నటులకు కుదరకపోతే ప్రేక్షకులు ఎత్తారు. 1808లో కోవెంట్ గార్డెన్ తగలబడింది. మరుసటి సెప్టెంబరులో కొత్త భవనం తెరిచి, ఖర్చు రాబట్టుకోవడానికి కింద సీటు టికెట్టును మూడున్నర షిల్లింగుల నుంచి నాలుగుకు పెంచారు. పెరిగింది అర షిల్లింగు. ధనవంతులకు ప్రత్యేక బాక్సులు కూడా ఎక్కువ చేశారు. జనం రోజూ టికెట్టు కొనుక్కుని లోపలికొచ్చి, ఒక్క డైలాగు వినపడకుండా గంటలు, బూరలు మోగించి, బ్యానర్లు ఎత్తి 'పాత రేట్లు' అని అరిచారు. 67 రాత్రులు ఇదే వరస. చివరికి మేనేజరూ ప్రముఖ నటుడూ అయిన జాన్ కెంబుల్ దిగొచ్చి క్షమాపణ చెప్పాడు, కింద సీటు రేటు మళ్లీ పాతదే అయింది. థియేటర్ తమ ఉమ్మడి ఆస్తి అన్నంత ధీమా ఆ జనానిది.

రెండు థియేటర్ల గుత్తాధిపత్యం 1843 చట్టంతో పోయింది. సెన్సార్ మాత్రం పోలేదు. మర్యాదకు, సభ్యతకు, ప్రజాశాంతికి భంగం అనుకుంటే లార్డ్ చాంబర్లేన్ ఆపేయొచ్చని అందులో రాసి మరీ పదిలపరిచారు.

కలకత్తా దాకా వచ్చిన కత్తెర

ఆ భయాన్నే బ్రిటిష్‌వాళ్లు ఓడల్లో వెంట తెచ్చుకున్నారు. 1876 జనవరిలో వేల్స్ యువరాజు కలకత్తా వచ్చినప్పుడు జగదానంద ముఖర్జీ అనే లాయరు ఆయన్ను ఇంటికి పిలిచి, పరదా చాటున ఉండే ఆడవాళ్ల చేత స్వాగతం చెప్పించాడు. ఊరంతా గుప్పుమంది. గ్రేట్ నేషనల్ థియేటర్ వాళ్లు వెంటనే 'గజదానంద' అని పేరు మార్చి ప్రహసనం ఆడారు. పోలీసులు ఆపితే వేరే పేరుతో ఆడారు. ఫిబ్రవరి 29న వైస్రాయ్ నార్త్‌బ్రూక్ ఆర్డినెన్సు తెచ్చాడు, ఆ డిసెంబరుకల్లా నాటక ప్రదర్శనల చట్టం తయారైంది. అసలు తెల్లవాళ్లకు అంతకుముందే గుబులుంది. నీలిమందు తోటల దొరల దౌర్జన్యాన్ని చూపించిన 'నీల్ దర్పణ్'కు ఇంగ్లిష్ అనువాదం అచ్చు వేయించినందుకు 1861లో జేమ్స్ లాంగ్ అనే మిషనరీ నెల రోజులు జైల్లో ఉన్నాడు.

లండన్‌లో గీత పడేది కాగితం మీద. ఇక్కడి చట్టం ఇంకా మోటుది. ప్రభుత్వం మీద ద్వేషం పుట్టిస్తుందనిపిస్తే ప్రదర్శననే నిషేధించొచ్చు. పోలీసులు లోపలికొచ్చి తెరలు, దుస్తులు పట్టుకెళ్లొచ్చు, ఆడినవాళ్లకు మూడు నెలల దాకా జైలు. తెల్లవాళ్లు వెళ్లినా ఆ ఆలోచన వెళ్లలేదు. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు రాసిన 'మా భూమి'ని ప్రజానాట్యమండలి దళాలు 1947 నుంచి ఊరూరా ఆడుతుంటే మద్రాసు ప్రభుత్వం నిషేధం పెట్టింది. 1876 చట్టాన్ని మన పార్లమెంటు పుస్తకాల్లోంచి పూర్తిగా తీసేసింది 2018 జనవరిలో. లండన్‌లో సెన్సార్ పోయాక మరో యాభై ఏళ్లకన్నమాట.

ఫ్రెంచిలో తిట్టొచ్చు

ఇంగ్లండ్‌లో నటుడి హోదా మాత్రం పెరుగుతూ వచ్చింది. 1895లో హెన్రీ ఇర్వింగ్‌కు సర్ బిరుదు దక్కింది, నటుల్లో ఆయనే మొదటివాడు. ఆ పక్కనే నాటకం నోరు మాత్రం కట్టేసే ఉంది. బెర్నార్డ్ షా 1893లో రాసిన 'మిసెస్ వారెన్స్ ప్రొఫెషన్'లో వ్యభిచార గృహాలు నడిపే తల్లి ఉంది. ఆడవాళ్లను ఆ పనిలోకి నెట్టేది చెడ్డబుద్ధి కాదు, చాలీచాలని కూలి అని షా వాదన. దాన్ని బహిరంగంగా ఆడగలిగింది 1925లో. అప్పటికి 32 ఏళ్లు గడిచాయి. 1902లో క్లబ్బు సభ్యులకు మాత్రమే చూపించి ఎలాగో ఆడారు. ఈ క్లబ్బు కిటుకు తర్వాత చాలామందికి పనికొచ్చింది.

1907లో 71 మంది రచయితలు సెన్సార్‌కు వ్యతిరేకంగా 'టైమ్స్'కు లేఖ రాశారు. అదే ఏడాది జపాన్ రాజకుమారుడు వస్తున్నాడని, ఇరవై ఏళ్లుగా అందరూ పాడుకుంటున్న 'మికాడో' అనే, జపాన్‌లో జరిగినట్టు అల్లిన హాస్య సంగీత నాటకాన్ని కొన్ని వారాలపాటు ఆపేశారు. తెలియక తండ్రిని చంపి తల్లిని పెళ్లాడిన ఈడిపస్ అనే రాజు కథకు, రెండున్నర వేల ఏళ్ల నాటిదైనా, 1910 దాకా లైసెన్సు లేదు. విక్టోరియా రాణి పాత్ర వేదికెక్కడానికి 1937 దాకా ఆగాల్సివచ్చింది. లండన్‌లోని విండ్‌మిల్ థియేటర్‌లో నగ్నంగా నిలబడొచ్చు, కానీ కదలకూడదు. కదలకపోతే శిల్పం, కదిలితే అసభ్యం.

1957లో లండన్‌లోని రాయల్ కోర్టు థియేటర్‌లో శామ్యూల్ బెకెట్ నాటకం 'ఎండ్‌గేమ్' ఫ్రెంచిలో ఆడారు. అందులో ఒకడు దేవుణ్ని 'లంజాకొడుకు' అనే అర్థం వచ్చేలా తిట్టి, అసలు లేనేలేడంటాడు. ఎవరూ అభ్యంతరపెట్టలేదు. ఆ తర్వాత అదే ఇంగ్లిష్‌లో ఆడతామంటే ఆఫీసు నెలల తరబడి పట్టుబట్టింది. చివరికి ఆ తిట్టును 'పంది' అని మార్చాక 1958లో లైసెన్సు వచ్చింది. ఫ్రెంచి వచ్చినవాళ్లు చెడిపోరని లెక్క కాబోలు.

కడుపులో మంట ఉన్న కొత్తతరం అప్పటికే వచ్చేసింది. రెండో ప్రపంచయుద్ధంలో ప్రభుత్వం మొదటిసారి కళలకు డబ్బు పెట్టింది. ఓల్డ్ విక్ బృందం వేల్స్ బొగ్గుగనుల ఊళ్లలో షేక్‌స్పియర్ ఆడింది. కళలకు ప్రభుత్వ డబ్బు పంచే ఆర్ట్స్ కౌన్సిల్ 1946లో ఏర్పడింది. 1956 మేలో రాయల్ కోర్టులో జాన్ ఆస్బర్న్ నాటకం 'లుక్ బ్యాక్ ఇన్ యాంగర్'తో డ్రాయింగ్ రూము సోఫాల స్థానంలో ఇరుకు అద్దెగది, ఇస్త్రీ బల్ల వచ్చాయి. తూర్పు లండన్ స్ట్రాట్‌ఫర్డ్‌లో జోన్ లిటిల్‌వుడ్ కార్మికుల యాసను వేదికెక్కించింది. 1958లో ఆమె బృందం మీద కేసు పెట్టారు. లైసెన్సు పొందిన ప్రతిలో లేని మాటలు నటులు అప్పటికప్పుడు కలిపేశారన్నది నేరం. చర్చిల్ గొంతుతో ఒకడు పబ్లిక్ టాయిలెట్ ప్రారంభోత్సవం చేశాడు మరి.

ఆఖరి దెబ్బ ఎడ్వర్డ్ బాండ్‌ది. 1965లో ఆయన రాసిన 'సేవ్‌డ్'లో దక్షిణ లండన్ కుర్రాళ్లు పార్కులో తోపుడుబండిలోని పసిబిడ్డను రాళ్లతో కొట్టి చంపుతారు. చూడడం కష్టమే. ఆ దృశ్యం లేకుండా నాటకం లేదని బాండ్ ఒక్క గీత కూడా ఒప్పుకోలేదు. రాయల్ కోర్టు క్లబ్బు కిటుకు వాడింది, ఈసారి ప్రభుత్వం కోర్టుకు లాగింది. ప్రముఖ నటుడు లారెన్స్ ఒలీవియర్ బోనెక్కి నాటకం తరఫున సాక్ష్యం చెప్పాడు. థియేటర్ ఓడిపోయింది. కానీ చట్టం నవ్వులపాలైంది. లేబర్ ఎంపీ జార్జ్ స్ట్రాస్ పెట్టిన బిల్లు 1968లో గట్టెక్కింది.

నీలం పెన్సిల్ పోయాక

తర్వాత అంతా సాఫీగా సాగిందా అంటే, లేదు. 'బ్రిటన్‌లో రోమన్లు' అనే నాటకంలో అత్యాచార దృశ్యం ఉందని 1982లో డైరెక్టరు మైకేల్ బొగ్డనోవ్ మీద అసభ్యతకు వ్యతిరేకంగా ఉద్యమం నడిపే మేరీ వైట్‌హౌస్ సొంతంగా కేసు వేయించింది, మధ్యలో అది ఆగిపోయింది. డబ్బు కూడా ఒక కత్తెరే అయింది. దేశసంపదలో 84 శాతం 7 శాతం జనం చేతిలో ఉందన్న లెక్కను పేరుగా పెట్టుకున్న '7:84' బృందం స్కాట్లండ్ కొండపల్లెల కమ్యూనిటీ హాళ్లలో భూమి, చమురు ఎవరివని అడుగుతూ నాటకం ఆడి, అయ్యాక ఊరివాళ్లతో డాన్సు చేసేది. ఇంగ్లండ్ శాఖకు 1980ల్లో గ్రాంటు ఆగిపోయింది.

2004 డిసెంబరులో బర్మింగ్‌హామ్ రెపర్టరీ థియేటర్‌లో గురుప్రీత్ కౌర్ భట్టీ నాటకం 'బెజ్తీ' మొదలైంది. గురుద్వారాలో జరిగే అత్యాచారం కథ. కథను గురుద్వారాలో కాకుండా ఏదైనా కమ్యూనిటీ సెంటర్‌లో జరిగినట్టు మార్చమని సిక్కు పెద్దలు అడిగారు. ఆమె మార్చలేదు. బయట వందలమంది చేరారు, అద్దాలు పగిలాయి, రెండు రోజుల్లో ప్రదర్శనలు రద్దయ్యాయి. ఆమె కొంతకాలం దాక్కోవలసివచ్చింది. ఈసారి ఆపింది రాజుగారి ఉద్యోగి కాదు. ఆపిన కారణం మాత్రం 1843 చట్టంలోని మాటే, ప్రజాశాంతి.

మరోవైపు అదే వేదిక కోర్టు చేయలేని పనీ చేసింది. 1993లో జాత్యహంకారుల చేతిలో హత్యకు గురైన నల్లజాతి కుర్రాడు స్టీఫెన్ లారెన్స్ కేసు విచారణలో నమోదైన మాటల్నే ఏరి కూర్చి, 1999 జనవరిలో ట్రైసికిల్ థియేటర్ నాటకంగా ఆడింది. పోలీసులు ఏం చేశారో, ఏం చేయలేదో జనం సీట్లలో కూర్చుని వాళ్ల మాటల్లోనే విన్నారు. విచారణ నివేదిక వచ్చింది ఆ తర్వాత నెలలో.

పాత రాతప్రతులు మాత్రం పోలేదు. లైసెన్సు కోసం వచ్చిన ప్రతి నాటకాన్నీ ఆ ఆఫీసు దాచింది. ఎవరికీ గుర్తులేని రచయితలవి, ఒక్క వారమే ఆడినవి, అసలు ఆడనివి కూడా అందులో ఉన్నాయి. 1824కు ముందువి చాలావరకు కాలిఫోర్నియాలోని హంటింగ్టన్ లైబ్రరీకి చేరాయి. ఆ తర్వాతివి, ఎగ్జామినర్ల వ్యాఖ్యలతో సహా, బ్రిటిష్ లైబ్రరీలో ఉన్నాయి. 1968 చట్టం సెన్సార్‌ను తీసేసినా ఒక్క పాత అలవాటు ఉంచింది. కొత్త నాటకం ఆడిన నెలలోపు ఒక ప్రతి ఆ లైబ్రరీకి పంపాలి. అది వెళ్లి పాతవాటి సరసన బీరువాలో చేరుతుంది, దాని మీద ఎవరూ గీత గీయరు.